మనుషులు లేని జాగ

పెద్దరాములు చచ్చిపోవడం మొగులమ్మ కళ్లారా చూసింది.

ఎనభై ఎనిమిది ఎండాకాలం. రాళ్లగూడేనికి పడమర, కాజీపల్లి ఫ్యాక్టరీల గోడలు ఆగిపోయిన చోట పశువులు మేసే కంచ మొదలవుతుంది. రాతిగుండ్లు, బలుసు పొదలు, సీతాఫలం చెట్లు, మోకాలెత్తు బోదగడ్డి. నాగలి ఎరుగని నేల. మధ్యలో ఒక ఒర్రె. వానాకాలం పారి, ఎండలు ముదిరేదాకా మడుగుల్లో నీళ్లు నిలిపి పశువుల్ని బతికించే వాగు అది. రెండేళ్లుగా ఆ మడుగుల్లో నీళ్లు లేవు. నల్లగా, చిక్కగా, పైన మెరుస్తూ ఇంకేదో ఉంది. మందుల ఫ్యాక్టరీ నుంచి టాంకర్లు తెచ్చి పోసేది.

ఆ మధ్యాహ్నం మొగులమ్మ గుట్ట వాలులో మోదుగాకు తెంపుతోంది. విస్తర్లు కుట్టి పటాన్‌చెరు సంతలో అమ్ముకోవడం ఆమె బతుకుతెరువు. కింద ఒర్రె ఒడ్డున పెద్దరాములు మేకలు మేపుతున్నాడు. వరసకు ఆమెకు బావ. మొగుడు పోయిన తర్వాత ఆమెకు ఇంట్లో పెద్దదిక్కులా నిలబడినవాడు.

టాంకరు దుమ్ము రేపుకుంటూ వచ్చింది. ఒర్రెలోకి గొట్టం వదిలారు. ఎప్పుడూ పడే నీళ్లే అనుకుంది మొగులమ్మ. కానీ ఈసారి మడుగులో నీళ్లు సలసల కాగినట్టు పొంగాయి. తెల్లని పొగ లేచి ఒర్రె నిండా పరుచుకుంది. ఒడ్డు దిగిన మేకపిల్ల ఒకటి ముందుకాళ్లు మడిచి కూలబడింది.

"బావా, దిగకు! ఓ బావా!" మొగులమ్మ పైనుంచి అరిచింది.

పెద్దరాములు చెయ్యి ఊపాడు. ఏం కాదులే అన్నట్టు. తువ్వాల మూతికి అడ్డం పెట్టుకుని దిగాడు. పిల్లను ఎత్తి మెడమీద వేసుకున్నాడు. వెనక్కి తిరిగాడు. అంతే, అలసిపోయిన మనిషి కూర్చున్నట్టు కూర్చున్నాడు. తర్వాత పక్కకు ఒరిగాడు.

టాంకరు నడిపే మనిషి కిందికి దూకాడు. ఒర్రె వైపు పరుగెత్తి, దగ్గు ఆగక, కడుపు పట్టుకుని వెనక్కి వచ్చాడు. వెంట ఉన్న సూపర్‌వైజరు వాణ్ని చొక్కా పట్టి బండిలోకి లాగాడు. టాంకరు వెళ్లిపోయింది. వెనక వేలాడే గొట్టంలోంచి ఇంకా కారుతూనే ఉంది.

మొగులమ్మ పరుగెత్తింది. పొగ గొంతులో నిప్పులా దిగింది. కళ్లు కనిపించలేదు. పాకుతూ వెనక్కి వచ్చి, చేల వైపు పడి కేకలు వేసింది. మనుషులు వచ్చి, పొగ పలచబడ్డాక, తడిగుడ్డలు కట్టుకుని తాడు వేసి లాగారు. పెద్దరాములు కళ్లు తెరిచే ఉన్నాయి. మేకపిల్ల ఇంకా మెడమీదే ఉంది.

పొద్దు వాలుతుండగా పోలీసులు వచ్చారు. జీపు వెనకే తెల్లకారు. అందులోంచి ఫ్యాక్టరీ మేనేజరు, ఆయనతోపాటు పటేలు దిగారు. ఊళ్లో సగం భూమి పటేలుదే. ఇప్పుడు ఫ్యాక్టరీకి కూలీల్ని పంపే కాంట్రాక్టూ ఆయనదే, టాంకర్లూ ఆయనవే.

ఎస్సై ఒక గుండు మీద కాలు పెట్టి చెబుతుంటే హెడ్డు కానిస్టేబులు రాస్తున్నాడు.

"కాజీపల్లి శివారునందు గల నిర్జన ప్రదేశమగు బంజరు భూమిలో, మద్యం సేవించిన స్థితిలో కాలుజారి పడి... రాసినావా?"

శవం పక్కన కూర్చున్న మొగులమ్మ తలెత్తింది. "సారూ, తాగలే ఆయన. నేను జూసిన. టాంకరు పోసినంక పొగ లేసింది. మేకపిల్ల కోసం దిగిండు, గట్లనే కూలిండు."

"నిన్నడిగినామా?"

"ఇందాక ఏందో అన్నరు. నిర్జనమంటే ఏంది సారూ?"

హెడ్డు, పెద్దవయసు మనిషి, తల ఎత్తకుండానే చెప్పాడు. "మనుషులు లేని జాగ అని."

మొగులమ్మ చుట్టూ చూసింది. గుండ్ల మీద, పొదల పక్కన, ఒర్రె ఒడ్డున ఊరంతా నిలబడి ఉంది. చంకల్లో పిల్లలతో ఆడవాళ్లు, కర్రలతో మేకలవాళ్లు, షిఫ్టు దిగి అట్నుంచటే వచ్చిన కూలీలు. పెద్దరాములు పెళ్లాం సోమమ్మ మొగుడి కాళ్లు ఒళ్లో పెట్టుకుని ఉంది.

"మరి మేమెవలం?" అంది మొగులమ్మ.

ఆ మాట పెద్దగా అనలేదు. కానీ అందరికీ వినిపించింది. మేనేజరు జేబురుమాలు ముక్కుకు పెట్టుకుని పటేలుతో అన్నాడు, "ఇది గవర్నమెంటు బంజరండీ. రికార్డు ప్రకారం ఇక్కడ ఎవరూ ఉండకూడదు. ఉంటే అది వాళ్ల తప్పే కదా?"

"ఈమెను అవుతలికి జరుపు," అన్నాడు ఎస్సై.

శవాన్ని సంగారెడ్డి ఆస్పత్రికి తీసుకుపోయారు.

మర్నాడు పొద్దున్నే పటేలు మొగులమ్మ గుడిసె ముందు నిలబడ్డాడు. ఆయన ఆ వాడకు నడిచి రావడం ఎవరూ ఎరగరు. మొగులమ్మ కొడుకు నర్సింహులు కంగారుగా లోపల్నుంచి స్టూలు తెచ్చి వేశాడు. వాడు మందుల ఫ్యాక్టరీలో కాంట్రాక్టు కూలీ. డ్రమ్ములు దొర్లించి దొర్లించి అరచేతుల మీద తోలు పొట్టులా లేస్తుంది.

"మొగులమ్మా, మంచిగున్నవా?" అన్నాడు పటేలు. "రాములు పోయిండు, పాపం. నాకు గూడ బాధనే. కని పోయినోడు రాడు గద. ఉన్నోళ్ల సంగతి జూడాలె. నర్సింహులును పర్మినెంటు చెయ్యమని మేనేజరుకు నేనే చెప్తున్న. మంచి పోరడు, పని దొంగ గాడు."

మొగులమ్మ మోదుగాకు కట్ట పక్కకు జరిపింది.

"ఎస్సై మల్ల వస్తడు. చూసినోళ్లు ఎవరని అడుగుతడు. రాములు పొద్దుగాల కల్లు తాగిండు, తూలుకుంట దిగిండు. గంతే. ఒక్క మాట."

"మరి టాంకరు పటేలా?"

"టాంకరు నువ్వు జూడలే." పటేలు లేచాడు. గొంతు మారలేదు, మొహం మారలేదు. "కంచల ఎండ ఎక్కువ. దూరం నుంచి ఏది కనిపిస్తదో ఏది కనిపియ్యదో ఎవరికెరుక? నువ్వు గూడ అక్కడికి ఒక్కదానివే పోతుంటవు. జెర పైలం."

ఆయన మలుపు తిరిగేదాకా తల్లీకొడుకులు కదలలేదు.

"ఏమంటవే అవ్వా?" అన్నాడు నర్సింహులు.

"ఏమనాలె నువ్వే చెప్పు."

"నేను చెప్తే ఇంటవా? పెద్దనాయిన పోయిండు. నువ్వు ఏం చెప్పినా లేసి వస్తడా? రేపు నన్ను గేటు బయట నిలబెడితే ఏం తింటం? నీ మోదుగాకు తింటమా?"

"నిన్ను మోదుగాకు అమ్మే సాదిన బిడ్డా."

వాడు మొహం తిప్పుకున్నాడు. సద్ది కట్టుకోకుండానే షిఫ్టుకు వెళ్లిపోయాడు. వాడు అన్నది అబద్ధం కాదని మొగులమ్మకు తెలుసు. ఆమెకు భయం వేసింది. పటేలు తిట్టి ఉంటే ఇంత భయం ఉండేది కాదు. జాగ్రత్త చెబుతున్నట్టే అన్న ఆ 'జెర పైలం' గుడిసెలోనే ఉండిపోయినట్టు, పొయ్యి దగ్గరా నీళ్లకుండ దగ్గరా తిరుగుతున్నట్టు అనిపించింది.

మూడో రోజు శవం తిరిగి వచ్చింది. ఊరు కదిలింది. రాళ్లగూడెం వాళ్లు తమవాళ్లను కంచలోనే పాతిపెడతారు. ఉత్తరం వైపు హిందువుల సమాధులు, గుట్ట పక్కన ముస్లింల ఖబరస్తాన్. డప్పులతో పాడె కంచ అంచుకు చేరేసరికి ముందున్న వాళ్లు ఆగిపోయారు.

అంచు పొడవునా సిమెంటు స్తంభాలు దిగి ఉన్నాయి. మనుషులు ముళ్లతీగ లాగుతున్నారు. పటేలు గుమాస్తా గొడుగు కింద నిలబడి ఉన్నాడు.

"ఇటు దారి లేదు. వేరే దిక్కు జూస్కోండ్రి. ఈ బంజర ఫ్యాక్టరీకి ఇచ్చింది సర్కారు."

పాడె మోసేవాళ్లు భుజాలు మార్చుకున్నారు. ఎవరికీ ఏం చేయాలో తోచలేదు. అప్పుడు సోమమ్మ ముందుకు వచ్చింది. మూడు రోజులుగా ఒక్క మాట మాట్లాడని మనిషి. రెండు చేతులతో ముళ్లతీగ పట్టుకుని కిందికి తొక్కింది. అరచేతుల్లోంచి నెత్తురు కారింది.

"తీసుకరాండ్రి ఆయన్ని," అంది. "ఆయన అవ్వ అయ్య లోపటున్నరు."

పాడె తీగ దాటింది. వెనక ఊరంతా దాటింది. గుమాస్తా గొడుగు ముడుచుకుని కాజీపల్లి దారి పట్టాడు.

మట్టి ఇచ్చాక ఎవరూ ఇళ్లకు పోలేదు. సమాధి చుట్టూనే కూర్చున్నారు. ముందు గొణుగుడు, తర్వాత కేకలు.

నాగయ్య లేచాడు. ఫ్యాక్టరీ మొదలైననాటి నుంచి పనిచేస్తున్నవాడు, నడివయసుకే దగ్గు పట్టినవాడు. "నా మాట ఇనుండ్రి. రాములన్న పోయిండని నాకు లేదా బాధ? కని ఫ్యాక్టరీ బంద్ గావాలె అంటే ఎట్ల? మా పొయ్యిలెట్ల లేస్తయ్? మీకు మేకలున్నయి. మాకేమున్నది?"

"మేకలేడున్నయిరా?" ఎంకమ్మ చీపుర్లు కట్టి అమ్మే మనిషి, ఎవరికీ జంకదు. "నిరుడు నా మేకలన్నీ ఆ నీళ్లు తాగి కాళ్లు కొట్టుకోని సచ్చినయ్. బోదగడ్డి ముట్టుకుంటె చేతులు దద్దుర్లు. నీకేమో పొయ్యి లేస్తది, నాకు పాడె లేస్తది. మంచిగున్నది నాగయ్యా!"

"నేనేమన్న పోసిన్నా ఆ నీళ్లు?"

"నువ్వు గాకుంటె నీ ఫ్యాక్టరీ పోసింది!"

"నా ఫ్యాక్టరీయా? నాదైతే గిట్ల దగ్గుకుంట తిరుగుతనా?"

చేతులు లేచాయి. ఒకరి మీద ఒకరు పడేలా ఉన్నారు. అప్పుడే గుట్ట పక్క నుంచి ఒక మనిషి నడిచి వచ్చాడు. మొగులమ్మ గుర్తుపట్టింది. ఆ రోజు టాంకరు దిగి పరుగెత్తినవాడు.

"వీడే!" అని అరిచింది ఆపుకోలేక.

జనం మీద పడ్డారు. చొక్కా చిరిగింది. పెదవి పగిలింది. వాడు చేతులు అడ్డం పెట్టుకోలేదు. సోమమ్మ ముందు మోకాళ్ల మీద కూర్చున్నాడు.

"నా పేరు రహమాన్ అమ్మా. లక్డారంల ఉంటా. కొట్టుండ్రి, తప్పు లేదు. ఫిర్ భీ నా మాట సునో. ఆ దినం టాంకర్ల తేజాబు ఉండె. యాసిడ్. పాత నీళ్ల మీద తేజాబు పడితే ఏమైతదో నాకెట్ల తెలుస్తది? ఫ్యాక్టరీ సేఠ్‌ను అడిగిన, ఎక్కడ పొయ్యాలె అని. జంగల్ మే డాల్ దో అన్నడు. జంగలే గదా, అక్కడ ఎవడుంటడు అన్నడు." చేతులు చాపి చూపించాడు. గోళ్లు ఊడిపోయి ఉన్నాయి. "నేను రోజూ చూస్తనే ఉన్న, మేకలున్నయి, మనుషులున్నరు. జంగల్ కాదు సేఠ్ అంటే ఇంకో డ్రైవర్ మస్తుగ దొరుకుతడు అన్నడు."

రహమాన్ పెదవి మీది నెత్తురు తుడుచుకున్నాడు.

"ఇంకో మాట. ఒక్క టాంకర్ కాదు ఇగ. కాజీపల్లి ఫ్యాక్టరీల నీళ్లన్నీ ఈడికే. పెద్ద గుంత తవ్వుతరు. తీగె గిందుకే."

ముళ్లతీగ వైపు తలలు తిరిగాయి. గాలి పడమటి నుంచి వీస్తోంది. ఒర్రె వాసన సమాధి దాకా వచ్చింది.

కమలాకుమారి వెనకనుంచి లేచి వచ్చింది అప్పుడు. సంగారెడ్డి కాలేజీలో చదువుతూ చదువు ఆపేసి, పటాన్‌చెరులో కాంట్రాక్టు కూలీల యూనియన్‌లో చేరిన పిల్ల. ఏడాదిగా గేట్ల ముందు కరపత్రాలు పంచుతోంది. ఆమెతో మాట్లాడితే పని పోతుందని కూలీలు దూరం జరిగేవాళ్లు.

"బంజరంటే ఏందో చెప్తా," అంది. "సర్కారుకు శిస్తు రాని భూమి బంజరు. గంతే దాని అర్థం. పండదని గాదు, ఎవరూ లేరని గాదు. నవాబు కాలంల రాసుకున్నరు, ఇప్పటి సర్కారు గూడ అదే మాట పట్టుకున్నది. సేఠ్‌కు జంగల్, ఎమ్మార్వోకు బంజరు, పోలీసుకు నిర్జన ప్రదేశం. ముందు మనుషులు లేరని రాస్తరు. తర్వాత లేకుండ చేస్తరు."

"మేము కంచ అంటం," అంది ఎంకమ్మ. "ఒక్క ఏడు దున్నక ఇడిసిపెడితే పడావు అంటం. ఏండ్లకేండ్లు ఇడిస్తే బీడు. మేపే జాగ కంచ. దీన్ని ఎవరూ దున్నరు, దున్నొద్దు. బతికినన్ని దినాలు మేపుకోవాలె, సచ్చినంక పండుకోవాలె."

"మా ఆయన గూడ ఆడ్నే పండుకున్నడు," అంది ఆలంబీ గుట్ట వైపు చూపిస్తూ. "గుంత ఖబరస్తాన్ దాకా వస్తదా రహమాన్?"

రహమాన్ తల దించుకున్నాడు.

మొగులమ్మకు అత్త చెప్పిన సంగతి మనసులో మెదిలింది. వీళ్లకూ చెరువు కింద నల్లరేగడి ఉండేదట. ఇప్పటి పటేలు తండ్రి దాన్ని గుంజుకుని, గుడిసెలు పీకించి, పోయి కంచల పడి ఉండుండ్రి, అక్కడ మిమ్ముల్ని ఎవరడుగుతరు అన్నాడట. అప్పట్లో ఈ నేల ఎవరికీ అక్కరలేదు గనక వీళ్లను ఇక్కడికి తోశారు. ఇప్పుడు అక్కర పడింది గనక ఇక్కడ వీళ్లే లేరంటున్నారు. ఆమెకు ఏడుపు రాలేదు.

"మనుషులు లేరన్నరు గద," అని లేచింది. "ఉందాం. ఇయ్యాల్టి నుంచి ఈడ్నే ఉందాం. వండుకుందాం, పండుకుందాం. గుంత తవ్వెటోళ్లు మా పొయ్యిల మీద తవ్వుతరా చూద్దాం. ఎస్సై వస్తే నేను చూసింది చూసినట్టు చెప్త. నా కొడుకు పని పోతే పోనీ."

చివరి మాట అంటూ కొంగు నడుముకు దోపుకుంది. నాగయ్య ఆమె మొహం చూడలేక పక్కకు చూశాడు.

ఆ సాయంత్రమే రాళ్లగూడెం కంచలోకి మారింది. తడకలు, తాటాకులు, చింకి టార్పాలిన్లు మోసుకొచ్చారు. గుండ్ల నీడన పొయ్యిలు పెట్టారు. ఒర్రె నీళ్లు ముట్టకూడదు గనక ఊరిబావి నుంచి బిందెలు వరసగా వచ్చాయి. రహమాన్ లక్డారం నుంచి పెళ్లాంపిల్లల్ని తెచ్చుకున్నాడు. ఆలంబీ ఖబరస్తాన్ పక్కన పందిరి వేయించింది. షిఫ్టు దిగిన కూలీలు, గూడెం వాళ్లూ బయటి రాష్ట్రాల వాళ్లూ, మొదట దూరంగా నిలబడి చూశారు. తర్వాత దగ్గరికి వచ్చి కూర్చున్నారు. బీహారు నుంచి వచ్చిన ఒక పెద్దాయన పిడికెడు మట్టి చేతిలోకి తీసుకుని, "హమారే గావ్ మే ఇస్కో పర్తీ బోల్తే హై," అన్నాడు. తమ ఊళ్లో దున్నని భూమిని పర్తీ అంటారనీ, దాన్ని కూడా సర్కారు ఇట్లాగే తీసుకుందనీ, అది పోయినందుకే తాను ఇంత దూరం వచ్చి డ్రమ్ములు మోస్తున్నాననీ చెప్పాడు. ఆ మాట నాగయ్య విన్నాడు. మర్నాడు షిఫ్టులో అందరికీ చెప్పాడు.

నర్సింహులు మాత్రం రాలేదు. ఖాళీ ఊళ్లో, ఖాళీ గుడిసెలో ఒక్కడే ఉంటున్నాడని ఎవరో చెప్పారు. మొగులమ్మ రోజూ వాడికి సద్ది పంపింది. గిన్నె ఖాళీగా తిరిగి వచ్చేది. కబురు మాత్రం వచ్చేది కాదు.

రోజులు గడుస్తున్న కొద్దీ గాలిలో ఏదో బిగుసుకుంది. గుట్ట మీద తెలియని మనుషులు నిలబడి చూసి పోయేవాళ్లు. నీళ్లకు పోయిన ఆడవాళ్లను పటేలు మనుషులు పేర్లు పెట్టి పిలిచి నవ్వారు. ఎవరిదో మేక గొంతు కోసి ఎంకమ్మ గుడిసె ముందు పడేసి ఉంది. ఎస్సై ఒకసారి వచ్చి మొగులమ్మ చెప్పింది విన్నాడు. హెడ్డు మాత్రం ఏమీ రాయలేదు.

"ఇంకొక్కసారి ఆలోచించుకో," అన్నాడు ఎస్సై పోతూ పోతూ.

"ఆలోచన అయిపోయింది సారూ," అంది మొగులమ్మ.

వాళ్లు వచ్చింది తెల్లారాక, పొయ్యిలు రాజుకుంటున్న వేళ. మూడు వాన్లు, ఎస్సై జీపు, ఎమ్మార్వో జీపు, పటేలు కారు. వాటి వెనక ఒక లారీ. లారీలోంచి గడ్డపారలతో దిగింది పోలీసులు కాదు. ఫ్యాక్టరీ కాంట్రాక్టు కూలీలు. నాగయ్య ఉన్నాడు. నర్సింహులు ఉన్నాడు.

ఎమ్మార్వో మైకు పట్టుకున్నాడు. "ఇది ప్రభుత్వ బంజరు భూమి. మీరంతా అక్రమంగా ప్రవేశించారు. వెంటనే ఖాళీ చేయాలి."

"కంచ ఇది!" ఎంకమ్మ అరిచింది. "మా కంచ!" అని ఇంకో గొంతు. తర్వాత గొంతులు విడిగా వినిపించలేదు. గుట్ట, ఒర్రె, ఖబరస్తాన్ అంతటా అదే మాట లేచింది. మైకు మూగబోయింది.

పటేలు కూలీల వైపు తిరిగాడు. "చూస్తున్నరేందిరా? పీకుండ్రి. పీకినోడు రేపు పనిల ఉంటడు. పీకనోడు ఇంటికి పోతడు. ఏయ్ నర్సింహులూ! ముందు నువ్వు. మీ అవ్వ గుడిసె."

అంతవరకూ అరుస్తున్న వాళ్లంతా నర్సింహులు వైపు తిరిగారు.

నర్సింహులు గడ్డపార పట్టుకుని నడిచాడు. మొగులమ్మ తడిక ముందు నిలబడి ఉంది. ఆమె పక్కకు జరగలేదు, చేతులు అడ్డం పెట్టలేదు. కొడుకును చూస్తూ ఊరుకుంది. వాడి మొహం పీక్కుపోయి ఉంది. కళ్ల కింద నల్లబడి ఉంది. వాడు ఆమె ముందుకు వచ్చి ఆగాడు.

"అవ్వా, జెర జరుగు," అన్నాడు.

ఆమె జరిగింది.

వాడు గడ్డపార బయటే పడేశాడు. తల వంచి గుడిసెలోకి వెళ్లాడు. పొయ్యి ముందు బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. ఆరిపోతున్న కట్టెను లోపలికి తోశాడు.

నాగయ్య దగ్గుతూ నవ్వాడు. తన గడ్డపార గుండుకేసి కొట్టి కింద పడేశాడు. "ఈ గుడిసెలు పీకి మల్ల మేమెక్కడ పండుకోవాలె పటేలా?" అని నేలమీద కూర్చున్నాడు. వెనక గడ్డపారలు ఒకదాని మీద ఒకటి పడ్డాయి. బీహారు పెద్దాయన కూర్చున్నాడు. లారీలో వచ్చిన వాళ్లంతా కూర్చున్నారు.

ఎస్సై విజిల్ ఊదాడు.

లాఠీలు వాన పడ్డట్టు పడ్డాయి. కుండలు పగిలాయి. తడకలకు నిప్పంటుకుంది. సోమమ్మను జుట్టు పట్టి ఈడ్చారు. సమాధి మీద బూట్లు నడిచాయి. రహమాన్ తల పగిలి చొక్కా ఎర్రబడింది. జనం చెదిరారు, గుండ్ల చాటున మళ్లీ కూడారు, రాళ్లు విసిరారు. మొగులమ్మను, సోమమ్మను, కమలాకుమారిని, రహమాన్‌ను, ఇంకా చేతికి దొరికిన వాళ్లను వాన్‌లోకి ఎత్తి పడేశారు.

నర్సింహులును వాన్ ఎక్కించలేదు. గుడిసెలోంచి ఈడ్చుకొచ్చి ఎస్సై జీపులో వేశారు. పటేలు జీపు దగ్గరికి వంగి ఏదో అన్నాడు. ఎస్సై తల ఊపాడు. వాన్ కాజీపల్లి వైపు తిరిగింది. జీపు గుట్ట వెనక మట్టిదారి పట్టింది. ఆ దారి అడవి వైపు పోతుంది, స్టేషన్ వైపు కాదు.

కమలాకుమారి మొహం పాలిపోయింది. పట్టుకున్న మనిషిని ఏదో నిర్జన ప్రదేశంలో కాల్చి, ఎదురుకాల్పులని పేపర్లో రాయించడం ఆ రోజుల్లో ఎవరికి తెలియదు? మొగులమ్మకూ తెలుసు. వాన్ జాలీని రెండు చేతులతో పట్టుకుంది.

కాజీపల్లి రోడ్డు మీద ఫ్యాక్టరీ సైరన్ మోగింది. షిఫ్టు మారే వేళ. గేటు ముందు వందలమంది కూలీలు. కంచలో పొగ చూసి ఎవరూ లోపలికి పోవడం లేదు.

"ఓ అన్నా!" మొగులమ్మ గొంతు చించుకుంది. "నా కొడుకును మట్టిదారిల తీసుకపోయిండ్రు! నర్సింహులును! జీపుల! ఊరంత చూసింది! ఉరుకుండ్రి, ఓ అన్నా, ఉరుకుండ్రి!"

ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. తర్వాత ఒక సైకిలు కదిలింది. దాని వెనక పది. దాని వెనక అందరూ. కొందరు వాన్ ముందు రోడ్డుకు అడ్డం పడుకున్నారు. మిగతావాళ్లు సైకిళ్లు భుజానేసుకుని, గోడలు దూకి, చేలకు అడ్డంపడి, మట్టిదారి మలుపు వైపు పరుగెత్తారు.

అడ్డం పడుకున్నవాళ్లను ఈడ్చి పక్కన పడేసి వాన్ పటాన్‌చెరు స్టేషన్ చేరేసరికి మధ్యాహ్నం దాటింది. మొగులమ్మను లాకప్‌లోకి తోశారు. ఆమె గోడకు ఆనుకుని కూర్చోలేదు. ఊచలు పట్టుకుని నిలబడే ఉంది. సోమమ్మ ఆమె కొంగు పట్టుకుంది. ఇద్దరూ తలుపు వైపే చూస్తున్నారు. నీళ్లు అడిగితే ఇవ్వలేదు.

పొద్దు గుంకే వేళకు బయట గోల వినిపించింది. ముందు దూరంగా, తర్వాత దగ్గరగా. ఎస్సై జీపు వచ్చింది. దానంతట అది రాలేదు. అద్దాలు పగిలి, టైర్లు కోసేసి ఉన్న దాన్ని కూలీలు తోసుకుంటూ తెచ్చారు. డ్రైవరు పక్కన ఎస్సై టోపీ లేకుండా కూర్చుని ఉన్నాడు. వెనక సీట్లో నర్సింహులు. ఒక చెయ్యి వేలాడుతోంది. కన్ను మూసుకుపోయింది. కానీ తల ఎత్తే ఉంది.

మట్టిదారి మలుపులో జీపుకు అడ్డంగా వందమంది పడుకున్నారట. కాల్చుకోండి, ఇంతమందిని కాల్చి ఏమని రాస్తారో రాసుకోండి అన్నాడట నాగయ్య.

కూలీలు అడ్డం నిలబడి స్టేషన్ పుస్తకంలో పేరు రాయించాకే నర్సింహులును లాకప్‌లోకి తోశారు. మొగులమ్మ వాడి మొహం రెండు చేతుల్లోకి తీసుకుంది.

"సద్ది మంచిగుంటుండె అవ్వా," అన్నాడు వాడు వాచిన పెదవులతో. "చెప్పి పంపుదామనుకున్న. మొఖం చెల్లలే."

మొగులమ్మ కొంగుతో నెత్తురు తుడుస్తూ ఉండిపోయింది.

బయట నినాదాలు. వాటి మీదుగా టెలిఫోన్ మోగింది. ఎస్సై రిసీవరు ఎత్తాడు. లాకప్‌లోకి అంతా వినిపిస్తోంది.

"సార్... అవును సార్, మా కస్టడీలోనే ఉన్నడు... రిజర్వు పంపండి సార్, సరిపోరు, రెండు లారీలు కాదు ఇంకా కావాలె..."

అవతల ఏదో అడిగారు. ఎస్సై కిటికీ రెక్క కొంచెం తెరిచి బయటికి చూశాడు. రోడ్డు కనిపించలేదు. లక్డారం వైపు నుంచీ, కాజీపల్లి వైపు నుంచీ ఆడవాళ్లు బిందెలతో, మగవాళ్లు కర్రలతో, మాసిన యూనిఫారాల్లో కూలీలు.

"ఎంతమంది అంటే..." అని ఆగాడు. నుదురు తుడుచుకున్నాడు. "చెప్పలేను సార్. ఇంకా వస్తనే ఉన్నరు."